పరిష్కారమైన ఫిర్యాదు

కరెంటు ఆఫీసులో ఫిర్యాదుల బల్ల నాది. పంతొమ్మిదేళ్ళుగా అరిచేవాళ్ళ మీద తిరిగి అరుస్తూ, ఏడ్చేవాళ్ళను కూర్చోబెడుతూ నెట్టుకొస్తున్నాను. ఏ ఫిర్యాదైనా ఏడు రోజుల్లో తేలకపోతే పైనుంచి మెమో వస్తుంది. అందుకని ఆరో రోజున కంప్యూటర్లో ‘పరిష్కారమైంది’ అని కొట్టేస్తాం. ఎనిమిదో రోజున దాన్నే కొత్త నంబరుతో మళ్ళీ ఎక్కిస్తాం. దీనివల్ల ఎవరి కొంపా మునగదనుకునేదాన్ని.

ఆ రోజు సైకిళ్ళు బాగుచేసే ఒకతను మూడు నెలల పాపను ఎత్తుకుని వచ్చాడు. రెండు గదుల ఇంటికి పిండిమరకు వచ్చినంత బిల్లు వచ్చింది. మీటరు పరీక్షించమని అర్జీ ఇచ్చాడు.

“మీటరు ఎప్పుడైనా చూసుకోండక్కా. ఫ్రిజ్ మాత్రం ఆగకూడదు.”

“ఏం, ఐస్‌క్రీముల వ్యాపారమా?” అన్నాను. నా నోరు అంతే.

“దీనమ్మ పాలున్నాయక్కా. ఇది ఆస్పత్రిలో అద్దాలపెట్టెలో ఉన్నప్పుడు పిండి దాచింది. మనిషి పోయి నెలైంది. పగలంతా డబ్బాపాలే. నిద్రపుచ్చేటప్పుడు మాత్రం ఆ సీసా ఒకటి పడతాను. ఇంకా ఇరవై మూడున్నాయి.”

సిగ్గుతో చచ్చిపోయాను. “ఫిర్యాదు తేలేదాకా కరెంటు తీయకూడదు. రూలుంది. పూచీ నాది” అని రసీదు మీద ముద్ర గుద్ది ఇచ్చాను.

ఆరో రోజు వచ్చింది. వరసలో ఉన్నవన్నీ కొట్టేస్తూ అతని ఫిర్యాదునూ కొట్టేశాను. మర్నాడు పొద్దున, బిల్లు కట్టనివాళ్ళకు కరెంటు తీసెయ్యమని కంప్యూటరు ఇచ్చే జాబితాలో ఆ ఇల్లు చేరిపోయింది.

మధ్యాహ్నం అన్నం ముందు కూర్చున్నాను. లైన్‌మన్ ఫోన్ చేశాడు.

“మేడం, ఇంటికి తాళముంది. మీటరు పక్కన మన ఫిర్యాదు రసీదు అంటించి ఉంది. నోటీసు ఇచ్చిన కాగితం కూడా నా దగ్గర లేదు. తీయనా, వద్దా?”

“జాబితాలో ఉందా లేదా? ఉంటే తీసెయ్. అన్నం కూడా తిననివ్వరా?”

ఎవరి ఇల్లని అడగలేదు.

మర్నాడు ఆఫీసు తెరవకముందే అతను గుమ్మంలో నిలబడి ఉన్నాడు. సాయంత్రం ఇంటికొచ్చేసరికే సీసాలన్నీ కరిగిపోయి, గోరువెచ్చగా అయిపోయాయట. అరగంటలో లైను కలిపించాను. అరగంట పనే అది. నష్టపరిహారం అతని హక్కు కాబట్టి ఫారం నేనే తీసి నింపాను. మీటరు పరీక్షించకుండానే ఫిర్యాదు మూసింది నేనేనని రాసి సంతకం పెట్టాను. తర్వాతి గడిలో ‘జరిగిన నష్టం’ అని ఉంది. అక్కడ కలం ఆపాను.

“ఏం రాయమంటావు, తమ్ముడూ?” అన్నాను.

అతను ఫారం వైపు చూడలేదు. భుజం మీద నిద్రపోతున్న పాప వీపు నిమురుతున్నాడు.

“నిన్న నిద్రపుచ్చడానికి డబ్బాపాలే పట్టానక్కా. గోల చేస్తుందనుకున్నా. గటగటా తాగేసి పడుకుంది. దానికి తేడానే తెలియలేదు.” పాప మీద తువ్వాలు సర్దాడు. “ఒక్కసారన్నా ఏడ్చుంటే బాగుండేదక్కా.”