ఎడమ మోకాలి పక్కన

ఆశన్న గద్వాలలో చీరలు నేసేవాడు. కుక్కను తాడు లేకుండా తన ఎడమ మోకాలి పక్కన నడిపించడం ఆ చుట్టుపక్కల అతనికే తెలుసు. మొదట మోకు కట్టేవాడు. తరువాత సన్నతాడు, ఆపైన నూలు దారం, చివరకు ఒంటి పట్టుపోగు. పోగు తెగకుండా ఊరంతా తిరిగిన నాడు దాన్నీ విప్పేసేవాడు. తాను ఆగితే కుక్క కూర్చోవాలి, కదిలితే లేవాలి.

మల్దకల్ బుచ్చన్న పటేలు తన వేటకుక్క మోతిని అతనికి అప్పగించాడు. మూడు నెలలకు ఆశన్న దాన్ని మల్దకల్‌కు తిరిగి తెచ్చిన నాడు, అతిథుల ముందు పటేలు పిలిస్తే, మోతి ఆయనను దాటిపోయి ఆశన్న పక్కన నిలిచింది.

"కుక్కకు మాలిక్ ఎవరో తెల్సింది, పటేలా," అని ఒకాయన నవ్వాడు.

ఆ సాయంత్రం మోతి ఒక్కటే గద్వాలకు వచ్చింది. ఆశన్న రాయచూరుకు పోయాడని పటేలు మనుషులు చెప్పారు.

నేను బడిలో పంతులమ్మను, అర్జీలు రాసిపెట్టేదాన్ని. ఆశన్న భార్య ఎల్లమ్మ వచ్చి, "మగ్గం మీద చీర సగంల ఉన్నది, పంతులమ్మా. గట్ల ఇడిసి ఆయన ఏడికీ పోడు. ఉన్నడో లేడో చెప్పుమను, సాలు," అన్నది.

ఠాణాకు రాసిన రెండు అర్జీలకు జవాబు రాలేదు.

ఒక ఉదయం మోతి వీధిలో కొలిచినట్లు అడుగులు వేస్తూ పోతోంది. ఆగి కూర్చుంటుంది, మళ్లీ లేస్తుంది. దాని కుడిపక్కన ఎవరూ లేరు. ఎల్లమ్మ మగ్గం నుంచి పట్టుపోగు తెచ్చి దాని మెడకు కట్టి, రెండో కొస వదిలింది. కొస కింద పడలేదు. పైకి లేచి గాలిలో ఏటవాలుగా నిలిచింది.

"ఆయన చెయ్యి గంతే ఎత్తుంటది," అన్నది ఎల్లమ్మ.

మేము వెంట నడిచాం. మధ్యాహ్నానికి మోతి పటేలు వాకిట్లోకి వెళ్లింది.

"నేసే సాలోని కుక్కను పంతులమ్మ తోల్కొచ్చిందా? ఎల్లగొట్టుండ్రి," అన్నాడు పటేలు. పోగును చూసి ఎవరూ కదలలేదు.

పటేలే లేచి, కుక్కను తప్పించుకోవాలని చేను దిక్కు నడిచాడు. మోతి ఆయన ఎడమ పక్కన నడిచింది. ఇద్దరి మధ్యా ఒక మనిషి పట్టేంత జాగా ఉంది. ఆయన వేగం పెంచితే అదీ పెంచింది, ఆగితే కూర్చుంది.

"నడవండి, పటేలా. ఆశన్న మీతోనే వస్తాడు," అన్నాను.

చేను వెనక రాళ్ల కుప్ప దగ్గర ఆయన ఆగాడు, మోతి కూర్చుని ఇక లేవలేదు. ఎల్లమ్మ మొదటి రాయి ఎత్తింది. రాళ్ల కింద ఆశన్న ఉన్నాడు.

మూడో అర్జీ అక్కడే, పటేలు తాను చేసింది చెబుతుండగా రాశాను. ఆయన దస్కతు పడ్డాకనే పోగు మెల్లగా నేలకు వాలింది.