వంతెన ఎవరి కిందికి వస్తుంది?

కొత్త ప్రభుత్వం ఏర్పడిన నాలుగో రోజున నాకు తెలిసిందేమిటంటే, నేను పనిచేస్తున్న విభాగం ప్రభుత్వంలో లేదు.

గది ఉంది. అందులో మూడు బల్లలు, రెండు బీరువాలు, గాలికన్నా చప్పుడు ఎక్కువ చేసే ఫ్యాను ఉన్నాయి. నేనున్నాను, మా టైపిస్టు ఉన్నాడు. గుమ్మం మీద 'చిన్న వంతెనల విభాగం' అన్న బోర్డు కూడా ఉంది. లేనిదల్లా మంత్రి ఒక్కడే.

ఎన్నికల్లో ఎవరికీ సరిపడా సీట్లు రాలేదు. నాలుగు పార్టీలు కలిశాయి. మంత్రివర్గం ఏదో గొప్ప ఆలోచన మీద తయారవుతుందని జనం అనుకుంటారు. ఇరవై రెండేళ్లుగా చూస్తున్నదాన్ని, నన్నడగండి. అది పెళ్లివారింట్లో గదులు పంచినట్టే ఉంటుంది. ఎవరు పెద్ద, ఎవరు అలుగుతారు, ఎవరి పక్కన ఎవర్ని పడుకోబెట్టకూడదు, అంతా అదే గొడవ. మా పాత శాఖ పేరు 'రోడ్లు, వంతెనలు, జలవనరులు'. దానికోసం రెండు పార్టీలు పట్టుబట్టాయి. పదకొండు రోజులు లాగి లాగి చివరికి దాన్ని రెండు ముక్కలు చేశారు. రోడ్లు ఒకరికి, జలవనరులు ఇంకొకరికి. మధ్యలో ఉన్న వంతెనలు అవతలివాళ్లకు పోయాయని వీళ్లూ, వీళ్లకే వచ్చాయని వాళ్లూ అనుకున్నారు. ప్రమాణ స్వీకారం ముగిసి, శాఖల జాబితా అచ్చై వచ్చాక చూస్తే, మేము ఏ పేజీలోనూ లేము.

మామూలుగా అయితే నేను హాయిగా కూర్చునేదాన్నే. అడిగేవాడు లేని ఉద్యోగం ఎంతమందికి దొరుకుతుంది? కానీ నా బల్ల మీద ఒక ఫైలుంది. అది మా చెల్లెలి వంతెన.

మా చెల్లెలు టీచరు. ఆమె బడి నదికి అవతలి ఒడ్డున ఉంది. నలభైమంది పిల్లలతో కలిసి రోజూ చెక్క వంతెన మీద నడిచి వెళ్తుంది. అందులో ఏడు చెక్కలు పుచ్చిపోయాయి. పోయిన నెల ఒక చెక్క విరిగి, ఆమె కాలు మోకాలి దాకా దిగిపోయింది. నది మీద ఏ కట్టడానికి మరమ్మతు చేయాలన్నా మంత్రి సంతకం కావాలి. వానలు మొదలవడానికి ఇంకా మూడు వారాలే ఉన్నాయి. నది పొంగితే మళ్లీ నాలుగు నెలల దాకా అక్కడ ఎవరూ మేకు కొట్టలేరు.

"అక్కా, నువ్వు కూర్చున్న ఆఫీసు పేరే వంతెనలు కదా! ఏడు చెక్కలు వేయించలేవా?" అంది ఫోనులో.

"వేయిస్తానే తల్లీ. మంత్రి దొరకనీ."

"మంత్రులు ముప్పైమంది ఉన్నారటగా?"

"ఉన్నారు. మనవాడే లేడు."

ఫైలు చంకన పెట్టుకుని రోడ్ల మంత్రి పేషీకి వెళ్లాను. అక్కడి కార్యదర్శి అట్ట కూడా తిప్పలేదు.

"వంతెన కింద ఏముంటుందమ్మా?" అన్నాడు.

"నీళ్లు."

"మరింకేం! జలవనరుల వాళ్లని కలవండి."

జలవనరుల పేషీ రెండంతస్తుల పైన. అక్కడి కార్యదర్శి ఇంకా తెలివైనవాడు.

"వంతెన మీద నడిచేదెవరు? చేపలా?"

"మనుషులండీ."

"మనుషులు నడిచేదాన్ని రోడ్డంటారు మేడమ్."

ఇలా వారం రోజులు ఆ మెట్లు ఎక్కీ దిగీ నా చెప్పులు అరిగిపోయాయి. జాబితా సవరించమని పైవాళ్లకు రాస్తే, ఒక్క మాట చేర్చాలన్నా నాలుగు పార్టీలూ మళ్లీ కూర్చోవాలి, గెజిట్ రావాలి, ఆరు వారాలు పడుతుందన్నారు. మా టైపిస్టు మాత్రం నిమ్మకు నీరెత్తినట్టున్నాడు. "వంతెనకి అటూ ఇటూ ఉండేవి గట్లు కదా మేడమ్, గట్ల శాఖ ఏమైనా పెట్టారేమో చూడనా?" అన్నాడు. వాడి మీద ఫైలు విసిరేదాన్నే, రెండో ప్రతి లేదని ఆగాను.

మా వరండా చివర, రికార్డుల గది పక్కన, కొత్తగా ఒక మంత్రిని కూర్చోబెట్టారు. ప్రభుత్వానికి ఒక్క సీటు తక్కువైతే, ఒకే ఒక్క సీటు గెలిచిన పార్టీని నాలుగోదిగా కలుపుకున్నారు. ఆ సీటు గెలిచినాయనే ఈయన. ఇవ్వడానికి శాఖలు అయిపోయాయి. అందుకని శాఖ లేకుండానే మంత్రిని చేశారు. తలుపు మీది పలకపై పేరు, 'మంత్రి' అన్న మాట, కింద బోలెడు ఖాళీ. ఆఫీసంతా ఆయన్ని ఒంటిసీటాయన అనేవాళ్లం. ఆ పేరు పెట్టింది నేనే.

ఎనిమిదో రోజున ఆయనే గుమ్మంలో నిలబడి నన్ను ఆపారు.

"ఏమ్మా, రోజూ అదే ఫైలు మోసుకుని తిరుగుతున్నారు. దాని జబ్బేమిటి?"

ముప్పై ఏళ్లు పశువుల డాక్టరుగా చేసిన మనిషి మరి, అలాగే అడుగుతారు. లోపలికి పిలిచి కుర్చీ వేశారు. బల్ల మీద ఒక్క కాగితం లేదు. నేను చెప్పిందంతా విని, ఫైలు మొదటి పేజీ నుంచి చివరి దాకా చదివారు. మా చెల్లెలి కాలు ఇప్పుడెలా ఉందని అడిగారు.

"గురువారం మొదటి మంత్రివర్గ సమావేశం. ఈ వంతెనలు నాకిమ్మని ప్రధానమంత్రి గారిని అడగనా?" అన్నారు. అడుగుతుంటే ఆయన ముఖం వెలిగిపోయింది. "మా ఊళ్లో అందరూ ఏం శాఖ, ఏం శాఖ అని చంపుతున్నారమ్మా. మా ఆవిడైతే ఫోనెత్తడమే మానేసింది."

నాకు ప్రాణం లేచొచ్చింది. శాఖ లేని మంత్రి, మంత్రి లేని శాఖ, ఇంతకన్నా ఈడూ జోడూ ఎక్కడ కుదురుతుంది?

మర్నాడు పొద్దున్నే ఆయన మా గదికి వచ్చారు. చేతిలో మంత్రివర్గ నిబంధనల పుస్తకం. ముఖంలో నిన్నటి వెలుగు లేదు.

"ఇది అందరికీ పంచారు. చదివింది నేనొక్కణ్ణే అయ్యుంటాను, తీరిక ఉన్నది నాకే కదా. ఇక్కడ చూడండి."

ఎవరికీ కేటాయించని విషయం ఏదైనా ప్రధానమంత్రి వద్దే ఉన్నట్టు భావించాలి, అని ఉంది.

"మీకు మంత్రి లేకపోవడమేమిటి తల్లీ, సాక్షాత్తూ ప్రధానమంత్రే మీ మంత్రి. నాకిమ్మని అడిగితే గెజిట్, ఆరు వారాలు. ఆయన్నే సంతకం పెట్టమంటే గురువారమే అయిపోతుంది."

"మరి మీకు?" అన్నాను.

"ఆవు ఈనలేక అవస్థ పడుతుంటే ముందు చెయ్యి పెట్టాలమ్మా. అది ఎవరి ఆవో తర్వాత కనుక్కోవచ్చు."

గురువారం నన్ను ఫైలుతో లోపలికి పిలిచారు. పొడవాటి బల్ల మధ్యలో ప్రధానమంత్రి, పక్కన పెద్ద శాఖలవాళ్లు, అక్కడినుంచి వరసగా తగ్గుకుంటూ వచ్చి తలుపు దగ్గర ఒంటిసీటాయన. ఆయన లేచి, పుస్తకంలోని వాక్యం చదివి వినిపించారు.

"అంటే ఇన్నాళ్లుగా వంతెనల మంత్రిని నేనా? నాకు ఒక్కళ్లూ చెప్పలేదే!" అన్నారు ప్రధానమంత్రి. అందరూ నవ్వారు.

ప్రధాని చేతిలో ఉందని తెలియగానే దానికి గిరాకీ వచ్చిపడింది. వంతెన రోడ్డులో భాగమేనని రోడ్ల మంత్రి అన్నారు. నదిలో నిలబడింది కాబట్టి మాదేనని జలవనరుల మంత్రి అందుకున్నారు.

"మీరు పోట్లాడకండి. నా దగ్గరే ఉండనివ్వండి," అని ప్రధానమంత్రి సంతకం చేసి ఫైలు నాకిచ్చారు.

నేను ఒంటిసీటాయన వైపు చూశాను. వాళ్లతో పాటే ఆయనా నవ్వుతున్నారు. ఆ పుస్తకం నోరు మూసుకుని దాచేస్తే, ఆరు వారాలకైనా ఆయన తలుపు మీద ఒక మాట చేరేది. ఆ పేరు పెట్టినందుకు నాకు సిగ్గేసింది. బయటికి వచ్చాక, బుద్ధి లేకపోతే సరి, అని నన్ను నేనే తిట్టుకున్నాను.

వానలకు రెండు రోజుల ముందు ఏడు చెక్కలూ పడ్డాయి. మా చెల్లెలు పిల్లలందరిచేతా ఉత్తరాలు రాయించి, "ఏ మంత్రికి పంపాలక్కా?" అని అడిగింది. నిబంధన ప్రకారం ప్రధానమంత్రికే పంపాలి. నేను వరండా చివరి గది చిరునామా చెప్పాను.

నాలుగు రోజుల తర్వాత ఆయన కబురు పంపారు. వెళ్లేసరికి బల్ల నిండా ఉత్తరాలు. ఒక్కొక్కదానికీ తన చేత్తోనే జవాబు రాస్తున్నారు. అందులోంచి ఒకటి తీసి నాకిచ్చారు.

"ఈ పిల్ల చూడండి, ఏం రాసిందో. చెక్కలు బాగున్నాయట. అవతల దిగేచోట మెట్టు ఎత్తుగా ఉందట, తన కాళ్లు అందడం లేదట." కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. "ఇలాంటివి ఎవరు చూస్తారమ్మా?"

అది ఏ జాబితాలోనూ లేదు. ఏ పుస్తకంలోనూ ఉండదు.

"మీరే చూడాలండీ," అన్నాను.

ఆయన కుర్చీ దగ్గరికి లాక్కుని, "అయితే ఫైలు తెరవండి," అన్నారు.