పదకొండో నంబరు చుక్క

మా ఆయన కళ్లజోళ్ల దుకాణంలో అద్దాలు అరగదీస్తాడు. పగలంతా ఊళ్లోవాళ్ల చూపు సరిచేసే మనిషికి, ఇంటికొచ్చాక ఎదురుగా ఉన్న పెళ్లాం కనిపించదు. కంప్యూటర్లో ఫుట్‌బాల్ జట్టును నడిపే ఆట ఒకటుంది. అందులో ఈయన మేనేజరు. బంతి తన్నేదేమీ ఉండదు. ఎవరిని ఆడించాలో, ఎవరిని కూర్చోబెట్టాలో చెప్పి, పచ్చటి తెర మీద చుక్కలు పరిగెడుతుంటే చూడటమే. దానికింత మురిపెమా అని నాకు ఒళ్లు మండేది.

ఆ చుక్కల్లో పదకొండో నంబరువాడి పేరు 'పొడుగు'. పంతొమ్మిదో ఏట మోకాలు చితికేదాకా మైదానంలో ఈయన్ని అందరూ పిలిచిన పేరది. ఆటలోకి తనను తానే పదిహేడేళ్లవాడిగా చేర్చుకున్నాడు. అక్కడ పద్దెనిమిది సీజన్లు గడిచాయి. పొడుగుకి ముప్పై అయిదు వచ్చాయి. ఈ సీజన్ చివర ఆట మానేస్తానని మేనేజరుకి కబురు పెట్టాడు.

మిగిలింది ఒక్క మ్యాచ్. పదకొండు రోజులుగా ఈయన దాన్ని మొదలుపెట్టే మీట నొక్కలేదు. మోకాలి ఆపరేషన్‌కి డాక్టరు ఇచ్చిన తేదీని కూడా రెండుసార్లు వాయిదా వేశాడు. ఆపరేషనయ్యాక హాయిగా నడవొచ్చు, పరుగు మాత్రం మర్చిపోవాలన్నాడు డాక్టరు. మీట నొక్కకపోవడం, తేదీ వాయిదా వేయడం రెండూ ఒకటేనని నా మట్టిబుర్రకి ఆలస్యంగా తట్టింది.

ఆదివారం మధ్యాహ్నం కుర్చీ లాక్కుని పక్కన కూర్చున్నాను. ఆకుపచ్చ కర్టెన్ గుండా వచ్చే వెలుతురుకి గది కూడా కంప్యూటరు తెరలాగే పచ్చగా ఉంది.

"ఇంకెన్నాళ్లు ఆపుతారు వాడిని? పాపం, ఎండలో నిలబెట్టినట్టుంది," అన్నాను.

ఆయన నవ్వి మీట నొక్కాడు. చుక్కలు కదిలాయి. చూస్తూ చూస్తూ ఉండగా నాకూ అవి మనుషులైపోయాయి. తడి గడ్డి వాసన వచ్చినట్టు, పదకొండో నంబరు కొంచెం కుంటుతున్నట్టు అనిపించింది. గోల్ ఒక్కటీ పడలేదు. ఎనభై తొమ్మిదో నిమిషంలో ఆయన పొడుగుని బయటికి పిలిచి, వేరేవాణ్ని పంపాడు.

"అదేంటండీ, ఇంకొక్క నిమిషం ఉంచితే మీ సొమ్మేం పోయింది?"

"చివరిదాకా ఉంచితే పదిమందిలో కలిసి వెళ్లిపోతాడు. ఇప్పుడు పిలిస్తే ఒక్కడే నడిచొస్తాడు. జనమంతా లేచి నిలబడి చప్పట్లు కొడతారు."

మా కంప్యూటరు స్పీకరు పాడై ఏడాదయింది. చుక్క మెల్లగా గీత వైపు వస్తోంది. గదిలో చడీచప్పుడు లేదు.

నేను లేచి నిలబడి చప్పట్లు కొట్టాను. చుక్క గీత దాటినా ఆపలేదు. ఆయన తెరని వదిలేసి నన్నే చూస్తున్నాడు. కళ్లు తడిగా ఉన్నాయి.

"ఆసుపత్రికి ఫోన్ చేసి తేదీ అడుగు," అన్నాడు.

ఫోన్ అందుకోవాలంటే చప్పట్లు ఆపాలి. అందుకని కాస్త ఆలస్యంగా చేశాను.