కళ్ళూ కన్నాలూ

గాలి పోయిన రోజున ఆ సంగతిని అతుకులమ్మ పొయ్యి దగ్గర కనిపెట్టింది. పొగ అటూ ఇటూ తిరగలేదు. పాతిన గుంజలా నిటారుగా లేచి, పైకప్పుకు తగిలి, అక్కడే నిలిచిపోయింది. కిటికీ తెరిచి చూసింది. వీధిలో ఆరేసిన బట్టలు కదలడం లేదు.

"గాలికి మాత్రం సెలవు వద్దా? రోజంతా ఊరు తిరుగుతుంది పాపం, మా ఆవిడలాగా," అన్నాడు ఎదురింటి కుమ్మరి, గడప మీద కూర్చుని.

"మీ నోటికే సెలవు లేదు," అంది లోపలినుంచి అతని భార్య.

అతుకులమ్మకు నవ్వు రాలేదు. గాలిపుస్తకాన్ని బాగుచేసి, నిన్న సాయంత్రమే గాలిమేడలో అప్పగించి వచ్చింది.

ఆ పుస్తకాన్ని ఎవరు చేశారో ఎవరికీ తెలియదు. ఊరికంటే పాతది. అన్నీ తోలు పుటలే. వాటి మీద అక్షరమన్నది లేదు. మేడ పెద్దాయన పొద్దున్నే ఒక పుట తెరిచి కిటికీకి ఎదురుగా నిలబెడితే, ఆ పుట గాలి మరో పుట నిలబెట్టేదాకా వీస్తుంది. పడవలను సాగనంపేది ఒకటి, వాన తెచ్చేది ఒకటి, ఇంటికి చేర్చే తిరుగుగాలి ఒకటి. కిందటేడు పుస్తకానికి పురుగు పట్టింది. ఒకనాడు తిరుగుగాలి పుట తెరిస్తే పిలవని గాలి వచ్చింది. అది తీసుకుపోయిన పడవల్లో అతుకులమ్మ భర్తది కూడా ఉంది. చెక్కముక్క కూడా ఒడ్డుకు రాలేదు.

అందుకే పుస్తకం చేతికి రాగానే పురుగు మీద పగ తీర్చుకున్నట్టు పనిచేసింది. కనిపించిన ప్రతి రంధ్రం అంచునూ చాకుతో గుండ్రంగా కోసి, పలచని తోలుముక్క అతికించి, వేలితో తడిమినా తెలియనంత నున్నగా రుద్దింది. అంచు కోయని అతుకు నిలవదని ఆమె తండ్రి నేర్పిన పద్ధతి.

మరదలు పరుగున వచ్చింది. "వదినా, మీ తమ్ముడు ఇవాళ రావాలి. నిన్న వచ్చినవాళ్ళు చెప్పారు, వాళ్ళ పడవలో తాగే నీళ్ళు అడుగంటాయిట."

ఇద్దరూ మేడ ఎక్కారు. పెద్దాయనకు చూపు ఏనాడో మందగించింది, వేళ్ళతోనే చూస్తాడు. తెరిచిన పుట మీద ఆ వేళ్ళు వెతుకుతున్నాయి.

"ఏం చేశావు అమ్మాయ్?"

"మీరు చెప్పిందే బాబాయ్. కన్నాలు పూడ్చు, కళ్ళు మాత్రం మూయకు అన్నారు. రెప్ప వాల్చకుండా చేశాను."

వేళ్ళు ఆగిపోయాయి.

"నేనన్నది నీ కళ్ళు కాదమ్మా," అన్నాడు పెద్దాయన. "పురుగు తొలిచినవి కన్నాలు. పుస్తకం చేసినవాళ్ళు పెట్టినవి కళ్ళు. గాలి వాటిలోంచే చూస్తుంది, వాటిలోంచే వస్తుంది. ఈ మేడలోనే పుట్టి పెరిగాను. ఇది మా ఇంటి మాటని, బయటివాళ్ళకు తెలియదని నాకు తట్టనే లేదు."

"రెండింటికీ తేడా ఎలా తెలుస్తుంది?"

"కంటికి కాల్చిన అంచు ఉంటుంది, గట్టిగా. కన్నం అంచు పొరలు పొరలుగా ఊడుతుంది."

ఆమె తన చేతుల వంక చూసుకుంది. "అంచులన్నీ కోసేశాను బాబాయ్."

పెద్దాయన కిటికీకి ఎదురుగా కూర్చుని, తిరుగుగాలి పుట తెరిచి ఒళ్ళో పెట్టుకున్నాడు. కళ్ళు ఎక్కడున్నాయో చాలావరకు వేళ్ళకు గుర్తుంది. అతను చూపించిన చోటల్లా ఆమె తడిగుడ్డ అద్ది, జిగురు నానాక అతుకు విప్పింది. ఒక్కొక్కటి విప్పుతుంటే గదిలో ఊపిరి పీల్చిన చప్పుడు. కిటికీ దగ్గరున్న మరదలు, "వస్తున్నారు వదినా, తెరచాపలు కనిపిస్తున్నాయి," అంది. కొంతసేపటికి మళ్ళీ తనే, "ఆగిపోయారు," అంది, గొంతు తగ్గించి.

పడవలు రేవు బయట రాతిబారు దగ్గర నిలిచిపోయాయి. అక్కడి సుడిని దాటే బలం ఈ గాలికి లేదు. ఇంకో కన్ను మూసే ఉంది.

పుట మూలన పక్కపక్కనే రెండు అతుకులు మిగిలాయి. పెద్దాయన వేళ్ళు ఒకదాని మీదనుంచి ఇంకోదాని మీదికి వెళ్ళాయి, వచ్చాయి. "ఒకటి కన్ను. ఒకటి కిందటేడు పిలవని గాలి వచ్చిన కన్నం," అన్నాడు. "ఏది ఏదో చెప్పలేను."

అతుకులు రెండూ మెల్లగా ఉబ్బుతూ దిగుతున్నాయి. అవతల ఎవరో పడుకుని నిద్రపోతున్నట్టుంది.

"విప్పు వదినా. నీ చేత్తో వేసినవేగా."

"నా చేత్తో వేసినవే. అందుకే ఆనవాలు లేదు."

"పోనీ ఏదో ఒకటి."

"అది కన్నమైతే? కిందటేడు ఏమైందో చూశావుగా."

మరదలు ఆమె ముఖంలోకి చూసింది. "తెలియదు అని ఒక్క మాట చెప్పు. ఆశ పెట్టుకుని ఇక్కడ నిలబడలేను."

"తెలియదమ్మా."

మరదలు మెట్లు దిగింది. ఆమె గొంతు వీధి పొడవునా వినిపించింది. రేవులో ఉన్న చిన్న పడవలన్నిటికీ తెడ్లు తగిలించారు. కుమ్మరి కుండలు మోసుకొచ్చి, నీళ్ళు నింపి, తనూ ఎక్కాడు. "నీకు ఈత రాదు కదయ్యా," అన్నారెవరో. "కుండకు వచ్చు, దాన్నే పట్టుకుంటాను," అన్నాడు. ఎవరూ నవ్వలేదు. మరదలు ముందు పడవలో తెడ్డు పట్టింది.

రాతిబారు దగ్గర నీళ్ళు నల్లగా తిరుగుతున్నాయి. చిన్న పడవలు అక్కడిదాకా వెళ్ళగలవో లేదో ఎవరూ చెప్పలేదు, ఎవరూ అడగలేదు.

అతుకులమ్మ చాకు దూరంగా జరిపి, రెండు బొటనవేళ్ళూ రెండు అతుకుల మీద ఆనించి కూర్చుంది. వేళ్ళ కింద రెండూ ఒకే రకంగా కొట్టుకుంటున్నాయి. ఏది కన్నో ఏది కన్నమో ఇంకా తేలలేదు. తమ్ముడు ఇంకా ఒడ్డు చేరలేదు.