సమీ భాయ్ పొన్నుకర్ర

ముందు అద్దం తుడవడం అయింది. గంగాప్రసాద్ తడిగుడ్డను రెండు మడతలు పెట్టి, బండి చుట్టూ తిరిగి వచ్చి కుడివైపు తలుపు తీశాడు. ముందు సీటును రెండు గాట్లు వెనక్కి జరిపాడు. సమీయుల్లా భాయ్‌గారివి పొడుగు కాళ్లు మరి! సీటుకూ తలుపుకూ మధ్య నిలబెట్టిన పొన్నుకర్రను బయటికి తీసి, చివరనున్న ఇత్తడి పొన్నుకు అంటిన నిన్నటి దుమ్మును శుభ్రంగా తుడిచి మళ్లీ అక్కడే పెట్టాడు. పదకొండేళ్లుగా రోజూ చేస్తున్న పనే. పదకొండేళ్లుగా రోజూ ఆ కర్ర దగ్గరికి వచ్చేసరికి పళ్లు కొరుక్కుంటూనే ఉన్నాడు.

"బండి తోలేది నేను, గొడుగు పట్టేది నేను, కర్ర తుడిచేది నేను. పేరు మాత్రం సాబుది" అని గొణుక్కున్నాడు.

ఇద్దరూ ఒమాన్ దేశపు సలాలా పట్నంలో ఒకే టూర్ కంపెనీ మనుషులు. సమీయుల్లా గైడు, గంగాప్రసాద్ డ్రైవరు. గంగాప్రసాద్‌ది జగిత్యాల దగ్గరి పల్లె. నలభై ఎనిమిదేళ్లు, పొట్టి మనిషి. ఎడమ మోకాలు సరిగా వంగదు. కుడిచేతి బొటనవేలి గోరు ఎప్పుడో సుత్తి దెబ్బకు నల్లబడి అలాగే ఉండిపోయింది. మీసాలు మొలవకముందే తండ్రితో కలిసి రాళ్లు చెక్కాడు. తాపీమేస్త్రీగా ఒమాన్ వచ్చి నిజ్వాలో ఎనిమిదేళ్లు గోడలు కట్టాడు. పరంజా మీది నుంచి పడ్డాక మోకాలు పోయింది, మేస్త్రీ పనీ పోయింది. నాలుగోసారికి లైసెన్సు పాసై స్టీరింగు పట్టాడు. ఇంతకంటే చెప్పుకోవడానికి అతని జీవితంలో ఏమీ లేదు. అతన్ని ఎవరూ ఏమీ అడగనూ లేదు.

సమీయుల్లా కథ వేరు. కడప మనిషి. ఆరడుగుల ఎత్తు, తెల్ల గడ్డం, నెత్తిన గడ్డి టోపీ. ఏలక్కాయ బుగ్గన పెట్టుకుని నోరు తెరిచాడంటే ఇంగ్లీషు ధారగా కారుతుంది. సుమ్హురమ్ అనే పాత సాంబ్రాణి రేవు కోట శిథిలాల మధ్య నిలబడి పొన్నుకర్రతో అలా ఒక గోడను చూపిస్తే చాలు, దొరలూ దొరసానులూ నోళ్లు వెళ్లబెట్టి వింటారు. వెనకాల గొడుగు పట్టుకుని, నీళ్ల సీసాల సంచీ మోస్తూ గంగాప్రసాద్ కూడా వింటాడు. ఎన్ని వందలసార్లు విన్నాడో! ఎక్కడ నవ్వాలో, ఎక్కడ ఆగాలో, ఎక్కడ దగ్గాలో కూడా కంఠతా వచ్చేసింది. రూమ్‌లో స్నానానికి వెళ్లినప్పుడు అద్దం ముందు తువ్వాలు భుజాన వేసుకుని మొత్తం అప్పజెప్పుకుంటాడు. గోడ అవతల పడుకున్నవాళ్లు రేడియో అనుకుంటారు.

పోయిన నెల ఎవరో టూరిస్టులు పెట్టిన వీడియో ఊళ్లో అతని భార్య వాణి కంట పడింది.

"అబ్బ, ఆయన ఎంత మంచిగ చెప్తున్నడయ్యా! నువ్వేడ ఉన్నవ్ అండ్ల?" అని ఫోన్‌లో అడిగింది.

"గొడుగు కనవడ్తలేదా? దాని కిందున్నది నా చెయ్యే" అన్నాడు. ఆ పూట అతనికి అన్నం సయించలేదు.

సమీయుల్లా చెడ్డవాడైతే బాగుండేది, తిట్టుకోవడానికి వీలుండేది. ఆ లైసెన్సు పరీక్షకు ప్రశ్నలన్నీ దగ్గర కూర్చుని నేర్పించిందే ఆయన. పండక్కి డబ్బాలో బిర్యానీ పెట్టి పంపేదీ ఆయనే. అందుకే కడుపుమంట బయటికి పోయే దారి లేక లోపలే రాజుకుంటూ ఉంది.

ఏడింటికి సమీయుల్లా వచ్చి సీట్లో కూర్చున్నాడు. ఇవాళ్టి గెస్టులు గ్రీసు దేశం వాళ్లు. స్టావ్రోస్ అనే రిటైరైన బడిపంతులు, ఆయన భార్య కాటెరీనా. ఇద్దరి కోసమే ఒక బండి, ఒక గైడు, రోజంతా. దాన్నే ప్రైవేట్ టూర్ అంటారు. పూర్వం గ్రీకు నావికుడెవరో తన పుస్తకంలో ఈ సాంబ్రాణి రేవు గురించి రాసుకున్నాడట. అందుకని సమీయుల్లా రెండు రోజులుగా ఒక గ్రీకు మాట కూడా నేర్చుకుంటున్నాడు.

హోటల్ మెట్లు దిగుతూనే స్టావ్రోస్ మొదలుపెట్టాడు. మా ఇంటి వెనకాలే ఇలాంటి పాతరాళ్లు బోలెడున్నాయి, వాటి మీద మేకలు కాపురం చేస్తాయి, అయినా మా ఆవిడ రాళ్లు చూద్దామని ఇంతదూరం లాక్కొచ్చింది అన్నాడు. అందరూ నవ్వారు. సమీయుల్లా నవ్వు సగంలో ఆగింది.

దారిలోని తాఖా ఊరు దాటేవరకు ఆయన పెద్దగా మాట్లాడలేదు. రోడ్డుకు అడ్డంగా ఒంటెలు వచ్చి నిలబడినా, ఎప్పుడూ చెప్పే ఒంటెల హాస్యం చెప్పలేదు. ఏసీలో కూడా నుదుటిమీద చెమట పట్టింది. రెండు మూడుసార్లు రొమ్ము రుద్దుకున్నాడు. గంగాప్రసాద్ ఓరకంట చూశాడు. 'రాత్రి దావత్‌ల గట్టిగనే గుంజినట్టున్నడు' అనుకున్నాడు.

సుమ్హురమ్ గుట్ట కింద బండి ఆగింది. గెస్టులు దిగి పక్కనున్న మడుగులో నిలబడ్డ కొంగలను ఫొటోలు తీసుకుంటున్నారు. సమీయుల్లా దిగబోయి, తలుపు పట్టుకుని, మళ్లీ కూర్చున్నాడు.

"ప్రసాదూ, గ్యాస్ పట్టినట్టుండాది. ఈ పొద్దు పైకెక్కలేనబ్బా. నువ్వే తిప్పుకోని రా."

"నేనా?"

"రోజూ ఇంటాండావు కదప్పా! నాకు తెలీదా, నాతోపాటు నీ పెదాలు గూడా కదుల్తా ఉంటాయి." ఆయన నవ్వాడు. "ముందు కలిమేరా అను. వాళ్ల బాసలో అది నమస్కారం. ఇదో, కర్ర తీసుకో. చేతిలో కర్ర లేకుంటే ఎవురూ ఇనరు."

అసలు అడగాల్సింది ఒళ్లెలా ఉందని. డాక్టరు దగ్గరికి పోదామా అనాలి. గంగాప్రసాద్ నోట ఆ మాట రాలేదు. దొరక్క దొరక్క దొరికింది, ఎక్కడ చేజారిపోతుందోనని గబుక్కున కర్ర అందుకున్నాడు. ఇంజను, ఏసీ నడుస్తూ ఉండనిచ్చి, తలుపు దగ్గరికి వేసి, గెస్టుల దగ్గరికి నడిచాడు.

"కలిమేరా!" అన్నాడు.

కాటెరీనా చప్పట్లు కొట్టింది. టికెట్లు చూసేవాడు కర్ర వంక చూసి దారి వదిలాడు. గొడుగు లేదు, సంచీ లేదు. మోకాలి నొప్పి ఎటు పోయిందో పోయింది.

కోట వాకిలి దగ్గర ఎప్పుడూ సమీయుల్లా నిలబడే చోటే నిలబడి, గంగాప్రసాద్ కర్ర ఎత్తి మొదలుపెట్టాడు. రాతిమీద చెక్కిన ప్రాచీన అక్షరాలు, ఓడల్లోకి ఎక్కిన సాంబ్రాణి మూటలు, గ్రీకు నావికుడి పుస్తకం, అన్నీ వరసగా వచ్చేశాయి. ఇంగ్లీషులో సగం మాటలకు అతనికి అర్థం తెలియదు, అయినా ఒక్కటీ తప్పిపోలేదు. సమీయుల్లా దగ్గే చోట దగ్గాడు కూడా. మా దేశపువాడు ఇక్కడికి కూడా వచ్చి ధరవరలు రాసుకుపోయాడన్నమాట అని స్టావ్రోస్ ముచ్చటపడ్డాడు. గంగాప్రసాద్ రొమ్ము విరుచుకున్నాడు.

అప్పుడు కాటెరీనా గోడమీద చెయ్యివేసి ఒక ప్రశ్న అడిగింది. ఈ రాళ్లను ఇంత ఒద్దికగా ఎలా చెక్కారు?

సమీయుల్లా పాఠంలో ఆ ప్రశ్న లేదు. గంగాప్రసాద్ గోడకు దగ్గరగా జరిగాడు. రాతివైపు చూశాడు. పదకొండేళ్లుగా గొడుగు కింది నుంచి చూస్తున్న రాయే. అంచులు నున్నగా, నడుమ గరుగ్గా, చిన్నచిన్న ఉలి పోట్లతో ఉంది. మోకాలు వంగనని మొరాయిస్తున్నా గోడ పక్కన చతికిలబడ్డాడు.

"లుక్, మేడమ్" అన్నాడు. అక్కడి నుంచి అతనికి ఇంగ్లీషుతో పని లేకపోయింది. పొన్నుకర్రను ఉలిలా పట్టుకుని, పిడికిలిని సుత్తి చేసి చూపించాడు. ముందు అంచు గీసుకోవాలి, దాన్ని నున్న చేసుకోవాలి, తరువాత నడుమ పొడుచుకుంటూ పోవాలి. తన నల్లగోరు చూపించాడు, వాళ్లకూ ఇట్లాగే తగిలి ఉంటుందన్నాడు. ఇంకో రాయి దగ్గరికి తీసుకుపోయి పోట్ల వాలు చూపించాడు. అన్ని రాళ్లమీదా పోట్లు ఒకవైపు వాలితే దీనిమీద రెండోవైపు వాలాయి. ఇది చెక్కినవాడు ఎడమచేతి వాటం మనిషి!

భార్యాభర్తలిద్దరూ వంగి, వేళ్లతో ఆ పోట్లను తడిమి చూశారు. రాళ్లంటే విసుక్కున్న స్టావ్రోస్ ఏకంగా నేలమీద కూర్చుండిపోయాడు. నీకెలా తెలుసు అని కాటెరీనా అడిగింది. తరువాత, నీ పేరేమిటి అని అడిగింది. పదకొండేళ్లలో ఒక గెస్టు అతని పేరు అడగడం అదే మొదటిసారి. రెండుసార్లు పలికించుకుని చిన్న పుస్తకంలో రాసుకుంది. అతన్ని గోడ పక్కన నిలబెట్టి ఫొటో తీసి, అక్కడికక్కడే అతని నంబరుకు పంపింది.

ఆ ఫొటో అందిన కాసేపటికే జేబులో ఫోన్ మోగింది. సమీ భాయ్.

గంగాప్రసాద్ గుట్ట కిందికి చూశాడు. తెల్లబండి అద్దం ఎండకు మెరుస్తోంది. 'కూసున్న కాడికెల్లి చూస్తున్నట్టుండు. గెస్టులు నా ముచ్చట ఇంటుంటే ఓర్వలేక పిలుస్తున్నడు' అనుకున్నాడు. ఫోన్ మోగి మోగి ఆగింది. రెండు నిమిషాలకు మళ్లీ మోగింది. 'ఇప్పుడు తెల్సిందా, ఎట్లుంటదో!' అనుకుని, శబ్దం రాకుండా నొక్కి మళ్లీ జేబులో వేసుకున్నాడు. అతని ప్రాణానికి ఎంత హాయిగా ఉందో! మూడోసారి జేబులో వణికినప్పుడు బయటికి కూడా తీయలేదు.

ముప్పావుగంట టూరు రెండు గంటలకు సాగింది. బావి చూపించాడు, కొట్లు చూపించాడు, చిట్టచివరి గోడ ఎక్కించి సముద్రం చూపించాడు. ఇక చూపించడానికి ఏమీ మిగలని దాకా కిందికి దిగలేదు.

దిగుతూ ఒక మాట సిద్ధం చేసుకున్నాడు. 'ఏంది భాయ్, అన్నిసార్లు కొట్టినవ్, మంట లేసిందా?' అని నవ్వుతూ అనాలి.

సమీయుల్లా సీటు వెనక్కి వాల్చుకుని, మొహంమీద గడ్డి టోపీ పెట్టుకుని పడుకుని ఉన్నాడు. ఒక బూటు విప్పి ఉంది. అలిగాడనుకున్నాడు గంగాప్రసాద్. ముందు గెస్టులకు నీళ్లు ఇచ్చాడు. తరువాత ఈవైపు వచ్చి తలుపు తీసి, "ఏంది భాయ్" అంటూ భుజంమీద చెయ్యి వేశాడు. టోపీ ఒళ్లోకి జారింది. ఏసీ గాలికి తెల్ల గడ్డం కదులుతోంది. మనిషి కదల్లేదు.

అంబులెన్సు వచ్చింది. పోలీసు వచ్చాడు. ప్రాణం పోయి గంట దాటిందన్నారు. పోలీసు సమీయుల్లా ఫోన్ చూసి, గంగాప్రసాద్‌ను పక్కకు పిలిచి హిందీలో అడిగాడు. మూడుసార్లు నీకే చేశాడు, ఎందుకు తీయలేదు?

"సైలెంట్ మే థా సాబ్" అన్నాడు గంగాప్రసాద్.

పోలీసు తల ఊపి రాసుకున్నాడు. అబద్ధం అంత తేలిగ్గా కాగితం మీదికి ఎక్కింది. కాటెరీనా ఏడుస్తూ వచ్చి గంగాప్రసాద్ చెయ్యి పట్టుకుంది. ఆ చెయ్యి ఎక్కడ పెట్టుకోవాలో అతనికి తోచలేదు.

మధ్యాహ్నం కంపెనీ మేనేజరు యాకూబ్ వచ్చి సమీయుల్లా వస్తువులు సర్దాడు. సంచీ, ఫోన్, కళ్లద్దాలు, టోపీ, ఏలక్కాయల డబ్బీ, విప్పిన బూటు. అన్నీ ఒక కవరులోకి చేరాయి, కడపకు పంపించాలి. గంగాప్రసాద్ చేతిలోని కర్ర వైపు చూసి, "ఇది నీదేనా?" అని అడిగాడు.

గంగాప్రసాద్ అవునూ అనలేదు, కాదూ అనలేదు. మోకాలు బాగాలేని మనిషి కదా అనుకుని యాకూబ్ ఊరుకున్నాడు.

సాయంత్రం వాణి ఫోన్ చేసింది. తెల్లారినప్పటి నుంచి ఒక్క మాటా లేదు, ఏమైందని అడిగింది.

"సమీ భాయ్ సచ్చిపోయిండు" అన్నాడు. ఆమె అయ్యో అయ్యో అంటుంటే, "నన్ను పిలిచిండే. మూడుసార్లు పిలిచిండు. నేను కావాల్నని ఎత్తలే" అన్నాడు. ఆ మాట అతను ఇంకెవరితోనూ చెప్పలేదు. 

ఆమెకు ఫొటో పంపలేదు. తెరిచి చూసుకుంటే, కర్ర ఎత్తి పట్టుకుని, రొమ్ము విరుచుకుని, ఒళ్లంతా నవ్వుతూ తనే ఉన్నాడు. అతని మోచేతి కింద, గుట్ట అడుగున, వేలిగోరంత తెల్లబండి పడింది.

మర్నాడు పొద్దున్నే ముందు అద్దం తుడిచాడు. మస్కట్ నుంచి కొత్త గైడు వచ్చేదాకా బండి హోటల్ దగ్గరే ఉండాలన్నారు. తడిగుడ్డ రెండు మడతలు పెట్టి కుడివైపు తలుపు తీశాడు. సీటు నిన్న తను జరిపినట్టే రెండు గాట్లు వెనక్కే ఉంది. దాన్ని ముందుకు జరపడానికి చెయ్యి రాలేదు. పొన్నుకర్రను బయటికి తీశాడు, కాసేపు పట్టుకున్నాడు, తుడవకుండానే మళ్లీ అక్కడే నిలబెట్టి తలుపు వేశాడు. కర్ర చివర ఇత్తడి పొన్నుకు సుమ్హురమ్ దుమ్ము తెల్లగా అంటుకుని ఉంది.