చెలమ దాకా కొలిచిన గొలుసు

నేను ఒక సర్వే గొలుసుని. వంద ఇనప లంకెలు, రెండు చివర్లా ఇత్తడి పిడులు. సాగదీస్తే అరవై ఆరు అడుగులు. ఒక ఊరి మంచినీళ్లు పోవడంలో నా చెయ్యి ఉంది. నా చేత ఆ పని చేయించినవాడు చాలా మంచివాడు. అందుకే ఎవర్ని తిట్టుకోవాలో ఇప్పటికీ తెలియడం లేదు.

మద్రాసులో ఒక కార్ఖానాలో పుట్టాను. మొదటి నలభై ఏళ్లూ సర్కారు కొలువే. నన్ను నేల మీద పరిచి ఇటు నీది, అటు వాడిది అనేవారు. నేల మాత్రం ఏమీ అనేది కాదు. ఈడ్వగా ఈడ్వగా లంకెలు అరిగి బెత్తెడు పొడుగు సాగాను. నేను సాగినకొద్దీ రైతు పొలం కాగితం మీద తగ్గేది. లబోదిబోమన్న రైతుని కసిరారే గాని, నన్ను సరిచూసినవాడు లేడు. ఆ తర్వాత ఉపగ్రహాలతో మాట్లాడే యంత్రాలొచ్చాయి. నన్ను పాత సామాను వేలంలో పడేశారు.

అక్కడ నన్ను కొన్నది పొట్నూరు విశ్వేశ్వరం. కాలేజీలో భూగోళం చెప్పే లెక్చరరు. వేలంపాటలో నన్ను భుజానేసుకున్న రోజే కమ్మరి దగ్గర కూర్చోబెట్టి ప్రతి లంకెనీ సరిచేయించాడు. క్లాసులో నన్ను బల్ల మీద పోసి, "పటం అద్దం కాదర్రా, ఆయుధం. ఇన్నాళ్లూ ఉన్నవాడి చేతిలోనే ఉంది" అనేవాడు. పిల్లలు పరీక్షకని రాసుకునేవారు. ఆయన మాత్రం నిజంగా నమ్మాడు.

అప్పుడే మేకలదిబ్బ కబురొచ్చింది.

సముద్రం ఒడ్డున అరవై గడపల జాలారిపేట అది. చుట్టూ ఉన్న ఇసక దిబ్బల్లో ఒక కంపెనీ పారిశ్రామికవాడ కడతానంది. సర్కారు పటంలో ఆ దిబ్బలన్నీ తెల్లగా ఉన్నాయి. పక్కన 'నిరుపయోగ భూమి' అని ఒక్క ముక్క. వలలు ఆరబెట్టే చోటు, పోయిన పిల్లల్ని పూడ్చిన చోటు, మేకలు తిరిగే దారి ఏవీ లేవు. "మన పటం మనమే గీద్దాం. అభిప్రాయ సేకరణ సభలో వాళ్ల ముందు పరుద్దాం" అన్నాడు విశ్వేశ్వరం.

ఊరు ఊరంతా కదిలింది. నా ఒక పిడి ఆయన చేతిలో, రెండోది గరికిన నూకాలు చేతిలో. నూకాలుకి యాభై దాటాయి. మగాళ్లు వేటకి పోతే పేటకి పెద్ద ఆవిడే. పది రోజులు దిబ్బలన్నీ కొలిచాం. నా బతుకులో మొదటిసారి నన్ను పట్టుకున్నవాళ్లు నవ్వుకుంటూ నడిచారు.

చివరి రోజు చెలమ దగ్గర ఆగిపోయాం.

దిబ్బల నడుమ, మొగలి పొదల చాటున మంచినీటి చెలమ ఉంది. పేటకంతా అదొక్కటే. ఆడవాళ్లు రోజుకో దారిన వెళ్లేవారు, ఇసకలో బాట పడకూడదని. తోడుకున్నాక తాటాకు కప్పి ఇసక జల్లేవారు. పైవాళ్లకి చూపించకూడదన్నది తాతలనాటి కట్టు.

"ఇది వొద్దు మాస్టారూ," అంది నూకాలు. "కంపెనీ బోర్లోళ్లు తిరుగుతున్నారు. అయిదు సోట్ల తవ్వితే ఉప్పునీల్లే పడ్డాయంట. నీల్లు నేకపోతే ఆలే పోతారు."

"పటంలో లేనిది లేనట్టే నూకాలమ్మా. ఇక్కడ నీళ్లున్నాయంటేనే ఇది పనికొచ్చే భూమని రుజువు."

"పోనీ, అటో ఇటో నాలుగు బారలు తప్పు రాసీండి."

"తప్పు పటం గీస్తే వాళ్లకీ మనకీ తేడా ఏముంది?"

"సదువుకున్నోరు మీరు," అని ఆవిడ నా పిడి పట్టుకుని చెలమ దాకా నడిచింది. కచ్చితంగా కొలిచాను. ఒక్క లంకె కూడా తేడా రాలేదు. సరిచేయించుకున్న గొలుసుని కదా!

సభలో పటం పరిచారు. చప్పట్లు మోగాయి. కంపెనీ మనిషి కూడా మెచ్చుకుని, సెల్‌ఫోనుతో ఫొటో తీసుకున్నాడు.

మూడు వారాల్లో బోరు లారీ వచ్చింది. ఈసారి దిబ్బల్లో ఎక్కడా తడుముకోలేదు. మొగలి పొదలు కొట్టేసి సూటిగా చెలమ పక్కనే బోరు దించింది. విశ్వేశ్వరం పరుగున సర్కారు ఆఫీసుకెళ్తే అధికారి మర్యాదగా కుర్చీ వేశాడు. "మీ పటం మాకెంతో ఉపకరించింది సార్. 'నిరుపయోగ' అన్న మాట కొట్టేశాం. 'నీటి వసతి గల స్థలం' అని రాశాం. ధర కూడా పెరిగింది."

ఎండాకాలం రాకముందే చెలమలో ఉప్పునీరు ఊరింది. ఇప్పుడు రెండు రోజులకోసారి కంపెనీ ట్యాంకరు వస్తుంది. దాని మీద 'మీ సేవలో' అని రాసి ఉంటుంది. ఆడవాళ్లు ఆ సేవ ముందు బిందెలతో కొట్టుకుంటారు.

ఏడాది తర్వాత విశ్వేశ్వరం మళ్లీ వచ్చాడు, నన్ను భుజానేసుకుని. మనిషి సగమయ్యాడు. "కోర్టుకెళ్దాం నూకాలమ్మా. ఇంకో పటం గీద్దాం."

నూకాలు లోపలికెళ్లి గ్లాసుతో నీళ్లు తెచ్చింది. ఆయన ఒక గుక్క తాగి ఆగిపోయాడు. ట్యాంకరు నీళ్ల మందు వాసన లేదు. తియ్యగా ఉన్నాయి.

"ఇవి ఎక్కడివి?"

"తాగండి మాస్టారూ."

"కాదమ్మా, ఎక్కడ..."

"మీరు మంచోరు. మాకు తెలుసు," అంటూ ఆవిడ ఆయన భుజమ్మీంచి నన్ను మెల్లగా తీసుకుంది. "ఈ గొలుసు మాకొగ్గీండి. సేపలారబెట్టుకుంటాం."

రెండు సరుగుడు గుంజల మధ్య నన్ను కట్టారు. నెత్తళ్లూ సావళ్లూ మోస్తూ, ఉప్పుగాలికి పొడిపొడిగా రాలిపోతున్నాను. ఆయన నెలకోసారి వస్తాడు. నిన్న కూడా వచ్చాడు. నా పక్కనే నిలబడి నీళ్లు తాగాడు. బాట పడని దిబ్బల కేసి చూశాడు. ఏదో అడగబోయాడు. నూకాలు చేపలు తిరగేస్తూ తలెత్తింది.

ఆయన గ్లాసు బోర్లించి, బస్సెన్నింటికని అడిగాడు.