పాతదే నడవాల

"చెయ్యి కడుక్కోని పో, నీ మొగుడు పిలుస్తాండాడు" అని అత్త ఈశ్వరమ్మ వంటింటి గడపలో నిలబడి చెప్పేటప్పటికి హేమలత సంగటి గెలుకుతా ఉంది. సంగటి మధ్యలో వదిలితే ఉండలు కడుతుంది. వదలకపోతే ముందు గదిలోంచి కేకలొస్తాయి. ఉండలు కట్టిన సంగటికి తిట్లు కాసేపాగి వస్తాయి, కేకలు ఆగవు. అత్తగారింట్లో మొదటి ఏడాదే నేర్చుకున్న లెక్క అది. తెడ్డు తోడికోడలు అమూల్య చేతిలో పెట్టి, "ఆపకుండా గెలుకు పిల్లా" అని చెప్పి, కొంగుకు చేతులు తుడుచుకుంటా పోయింది.

ప్రొద్దుటూరులో ఆ ఇంటి ముందు గదే ఆమె మొగుడు రాజశేఖర్ ఆఫీసు. ఇండ్లకు, అంగళ్లకు ఇంటర్నెట్ కనెక్షన్లు ఇచ్చే వ్యాపారం. ఒక లైను జమ్మలమడుగు దాకా, ఒకటి పులివెందుల దాకా. పులివెందుల పక్క తమ్ముడు శివ చూసుకుంటాడు, వారానికోసారి ఇంటికొస్తాడు. అమూల్య అతని పెండ్లాం, కాపురానికొచ్చి ఏడాది దాటింది.

"ఏందిది?" అన్నాడు రాజశేఖర్, కొత్త కంప్యూటరు వైపు గడ్డం ఎగరేసి. "తెరుచుకుంటాది, వెంటనే మూసుకుంటాది. బీయస్సీ కంప్యూటర్స్ అని మీ నాయన పెండ్లి పత్రికలో వేయించె కదా, మీ రాజుపాలెం మండలమంతా సదివె. సూడు మరి."

అక్కడున్న లైన్‌మెన్ ఇద్దరూ నవ్వారు. వాళ్లకు నవ్వక తప్పదు. హేమలత కూడా కొంచెం నవ్వింది. ఆమెకూ తప్పదు.

కరెంటు ఎక్కువ తక్కువై పాత కంప్యూటరు కాలిపోయింది. కొత్తదాంట్లో కొత్త విండోస్ ఉంది. లైన్లను కనిపెట్టి చూసే ప్రోగ్రాం మాత్రం ఏనాడో ఒకేసారి కొన్న పాతది. తెర మీద ఒక్కో కనెక్షనుకు ఒక్కో చుక్క. లైను బతికుంటే పచ్చ, చస్తే ఎరుపు. దాన్ని తయారుచేసిన కంపెనీ ఎప్పుడో మూతపడింది.

"కొత్తది కొంటే..." అనబోయింది హేమలత.

"కొత్తవి ఏడాదికోసారి దుడ్లు అడగతాయి. ఇంట్లో ఉన్నది ఉండగా? పాతదే నడవాల. నడిపించు."

ఆ చుక్కల ముందు ఆమె ఎన్నేండ్లుగా కూర్చుందో ఎవరూ అడగరు. అన్నం వార్చి వచ్చి కూర్చుంటుంది, కూర తాలింపుకు లేస్తుంది, మళ్లీ వస్తుంది. ఎరుపు కనపడితే లైన్‌మెన్‌కు ఫోన్ చేస్తుంది. కస్టమర్లు ఆమె గొంతు వినగానే "సార్‌కు ఇయ్యమ్మా" అంటారు. సార్ లేడని చెప్పి, ఏ తీగ పీకి ఏ తీగ పెట్టాలో తానే చెప్తుంది. బాగైనాక "సార్‌కు థ్యాంక్స్ చెప్పండి" అని పెట్టేస్తారు. ఇంటికొచ్చిన వాళ్లతో రాజశేఖర్, "మా ఆమెకు సీరియళ్లకంటే ఇది నయం, టైంపాసు" అంటాడు. జీతం మాట పుట్టనే లేదు. ఐనా హేమలతకు ఆ కుర్చీ అంటే ప్రాణం. ఆ ఇంట్లో ఆమె కూర్చున్నా ఎవరూ లెయ్యమనని చోటు అదొక్కటే.

అందుకే పట్టుబట్టి కూర్చుంది. ప్రోగ్రాం మీద కుడి బటను నొక్కి, పాత విండోస్ మాదిరి నడవమని చెప్పేచోట టిక్కు పెట్టింది. అంటే కొత్త మిషను తాను కొత్తది కాదని పాతదానికి అబద్ధం చెప్పాలి. తన బలం తాను దాచుకోని దాని ముందర వంగి నడవాలి. ఈ పని నాకు ఎవరూ నేర్పక్కర్లేదే అనుకుంటే నవ్వొచ్చింది ఆమెకు. ప్రోగ్రాం తెరుచుకుంది గానీ చుక్కలన్నీ బూడిద రంగులో ఉన్నాయి. లోపల ఇంకో చిన్న ముక్క ఉంది, తీగల్లో పోయేవాటిని చెవిపెట్టి వినేది అదే. కొత్త విండోస్ దాన్ని లోపలికి రానివ్వడం లేదు. అదే పని చేసే కొత్త ముక్కను వెతికి తెచ్చి, పాత పేరుతో పిలిస్తే పలకమని చెప్పింది. ఎన్నిసార్లు తప్పిందో. తప్పిన ప్రతిసారీ వంటింట్లోంచి ఒక పిలుపు. పోయి ఆ పని చేసొచ్చి, యాడ వదిలిందో మళ్లీ మొదటినుంచి గుర్తు చేసుకోవడం. చివరికి ఒక సాయంత్రం పులివెందుల పక్క ఒక చుక్క పచ్చగా వెలిగింది. దాని పక్కన ఇంకోటి. తర్వాత జమ్మలమడుగు లైనంతా, వాన పడ్డాక చేను మొలిచినట్టు. హేమలత రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది. కాలేజీ వదిలినంక అంత సంతోషం ఆమెకు తెలీదు.

"అయిందా?" అన్నాడు రాజశేఖర్ వెనకనుంచి. "ఇంగ టీ పెట్టు."

టీ తెచ్చేసరికి ఈశ్వరమ్మ కూడా ఆ గదిలో ఉంది.

"పాతదాంట్లో నీ ఫోను పెట్టింటి కదా," అన్నాడతను, ఊరిపేరు చెప్పినంత మామూలుగా. "అట్లనే అమూల్యది పెట్టు. శివగాడు అడగతాండాడు."

"మధ్యాన్నం తలుపేసుకుంటాది," అంది ఈశ్వరమ్మ. "ఏం చేస్తాందో ఏమో. మనింటి మర్యాద మనం సూసుకోవద్దా?"

అవును, పెట్టాడు. పెండ్లయిన కొత్తలో ఇంటి వైఫైని కూడా ఆ ప్రోగ్రాంలో కలిపి, ఆమె ఫోను ఎప్పుడు మేలుకుంది, నెట్లో యాడికి పోయింది అంతా చూసేవాడు. అన్నాల దగ్గర అందరి ముందర, "ఈపొద్దు శానాసేపు ఎలిగిందే నీ ఫోను, ఎవరితో?" అని నవ్వేవాడు. కాలేజీలో ప్రాణస్నేహితురాలు మైమూన్ అట్లనే తెగిపోయింది. పోట్లాడి కాదు. భోజనాల దగ్గర ఆమె పేరు వినపడకుండా ఉంటే చాలని హేమలతే ఫోను ఆర్పేయడం అలవాటు చేసుకుంది.

"ఇప్పటి ఫోన్లు అట్ల దొరకవు," అంది. "వైఫైకి చూపించే అసలు నంబరు దాచిపెట్టి, అప్పుడప్పుడు దొంగ నంబరు మార్చుకుంటా ఉంటాయి. పాత ప్రోగ్రాముకు ప్రతిసారీ కొత్త ఫోను మాదిరే కనపడ్తాది. ఫోను చేతిలోకి తీసుకోని, ఆ దాపరికం తీసేయాల."

"తీసుకో. నువ్వడిగితే ఇయ్యదా?"

హేమలత ఈశ్వరమ్మకు టీ అందించింది.

"నీకు ఇష్టం లేకుంటే చెప్పు," అన్నాడు రాజశేఖర్ టీ ఊదుకుంటా. "ప్రొద్దుటూర్లో కంప్యూటరోళ్లకు కరువా? ఒక పిల్లోన్ని పెట్టుకుంటా. ఆ కుర్చీలో వాడు కూర్చుంటాడు, నువ్వు వంటింట్లో హాయిగా ఉండు."

మరుసటి మధ్యాహ్నం అమూల్య గది తలుపు తట్టింది. పిల్ల మంచం మీద బాసింపట్టు వేసుకోని ఉంది, చెవుల్లో తీగలు. టీచరు ఉద్యోగాల పరీక్షకు పాఠాలు వింటా ఉందని హేమలతకు తెలుసు. ఈ ఇంటి కోడలికి బడిలో చాక్‌పీసు పట్టాల్సిన కర్మ లేదని పెండ్లప్పుడే చెప్పినారు. అమూల్య సరేనని, దొంగతనంగా చదువుతా ఉంది.

"పిల్లా, నీ ఫోను ఒకసారి ఇయ్యి. వైఫై సరిగ్గా తగల్లా."

అమూల్య లాక్ తీసి మరీ ఇచ్చింది. పాఠం తెర మీద అట్లనే ఉంది. "నీ చేతికైతే భయం ల్యాక్కా. ఇంకెవరన్నా ఐతే మూసేసి ఇస్తాంటి," అని నవ్వింది.

నిమిషం పని. ఆ నిమిషంలో హేమలత మనసు ఒకే మాట చెప్పుకుంది. నన్ను చూసినారు, నాకేమయింది? చచ్చిపోయినానా? ఆ మాట చెప్పుకునేటప్పుడు ఎంత హాయిగా ఉందో ఆమెకు తర్వాత తెలిసింది. తన మీద పడిన రాయి ఇంకొకరి మీదికి దొర్లుతుంటే ఒళ్లు తేలికైనట్టుండే హాయి.

శివ వచ్చిన రోజు అన్నాల దగ్గర బయటపడింది.

"మధ్యాన్నం ఊరంతా పండుకుంటే దీని ఫోను మాత్రం మేలుకోనుంటాదిమా," అన్నాడు తల్లితో. "టీచరమ్మ పాఠాలంట."

"అబ్బో, పంతులమ్మా!" అంది ఈశ్వరమ్మ. "నాకూ రెండక్షరాలు చెప్పే, సంతకమన్నా నేర్చుకుంటా."

"చెప్పు. అమ్మ అడగతాంది కదా," అన్నాడు శివ. "అట్ల కూర్చుంటే పాఠమెట్ల? లేచి నిలబడు. చెప్పు."

అమూల్య లేచింది. చేతికి అన్నం మెతుకులు అట్లనే ఉన్నాయి. "పిల్లల మనస్తత్వం..." అని మొదలుపెట్టింది. "గట్టిగా," అన్నాడు శివ. "పిల్లల మనస్తత్వం తెలిసిన ఉపాధ్యాయుడు... భయపెట్టకుండా..." రాజశేఖర్ నవ్వీ నవ్వీ పొలమారాడు. హేమలత లేచి అతనికి నీళ్లిచ్చింది. చెయ్యి దానంతటదే పోయింది చెంబు దగ్గరికి.

ఆ రోజునుంచి ఫోను ఈశ్వరమ్మ బీరువాలో. పుట్టింటికి చేయాలంటే అందరూ వినేటట్టు స్పీకరు పెట్టి చేయాలి. పరీక్ష రోజు పొద్దున అమూల్య వడియాలు పెడతా ఉంది.

ఒక సాయంత్రం అంట్ల దగ్గర ఇద్దరే ఉన్నప్పుడు అడిగింది. "నీ ఫోను కూడా పెట్టినాడంట కదక్కా మీ ఆయన. అప్పుడు నువ్వు ఎవరికిచ్చినావు?"

"నేనెవరికీ ఇయ్యలా. అప్పటి ఫోన్లకు చేతికి తీసుకునే పనే ల్యా."

"అట్లనా," అని అమూల్య గిన్నె కడిగి బోర్లించింది. "నేనైతే నీకిచ్చినా."

అందులో కోపం లేదు. ఉంటే తిరిగి ఏమన్నా అనొచ్చు. హేమలత చేతిలోని గంటె మళ్లీ మళ్లీ తోమింది.

రాజశేఖర్ మాత్రం ఆ నెలంతా హుషారుగా ఉన్నాడు. బజార్లో ఎవరితోనో గొప్పగా చెప్పుకున్నాడు, వాళ్లు ఇంకెవరికో చెప్పారు, జమ్మలమడుగు బట్టలంగడి నాగభూషణం ఫోన్ చేశాడు. కోడలి ఫోనుకు అట్లనే పెట్టాలంట.

"నువ్వు రావాల," అన్నాడు హేమలతతో. "మగోళ్లడిగితే యాగీ అయితాది. ఆడమనిషి అడిగితే కిక్కురుమనకుండా ఇస్తారు. ఇదొక్కటి నిలబడితే పులివెందుల్లోనూ అడిగేవాళ్లున్నారు. శానా తెలివైనదానివే నువ్వు, నేనే అనుకోలా." ఇంకా అన్నాడు, "నెలనెలా నీకు జీతమిస్తా. నిజంగానే."

పెండ్లయినంక అతని నోట మొదటిసారి విన్న మెచ్చుకోలు అది. మొదటిసారి విన్న జీతం. ఇన్నేండ్లూ లైన్లు బతికించినందుకు రాని మాట, ఈ పనికి వచ్చింది. కారులో జమ్మలమడుగు దాకా ఆమె దాన్ని నాలుక మీద అటూ ఇటూ తిప్పుకుంటా కూర్చుంది. తీపి లేదనలేం. అందుకే భయం వేసింది ఆమెకు.

నాగభూషణం ఇల్లు అంగడి వెనకే. కుర్చీలు వేశారు, కాఫీ ఇచ్చారు. "రాజశేఖరప్పా, మీ ఇంటామె ఇంత చదువుకున్నాదని నాకు తెలీదు సుమా!" అన్నాడాయన. లోపలికి తిరిగి, "గాయత్రీ, నీ ఫోను పట్కోని రా," అని కేకేశాడు.

గాయత్రి తడి చేతులు చీరకు తుడుచుకుంటా వచ్చింది. అమూల్య కంటే చిన్నదేమో. మామ ముందర తలెత్తలేదు, హేమలతను చూసి మాత్రం కొంచెం నవ్వింది. గదిలో ఇంకో ఆడమనిషి ఉందని తెలిసినప్పుడు వచ్చే నవ్వు.

"వైఫై సెట్ చెయ్యాల, ఇయ్యమ్మా," అన్నాడు రాజశేఖర్, తొందరగా.

గాయత్రి లాక్ తీసి ఫోను చాపింది. "నాది బాగానే వస్తాందే. ఏమైందక్కా?"

హేమలత చెయ్యి చాపలేదు. ఇప్పుడు నోరు తెరిస్తే ప్రొద్దుటూరు చేరేసరికి ఆ కుర్చీ తనది కాదు. అంతటితో పోదు, తిరుగు దారంతా కారు తలుపులు మూసే ఉంటాయి, ఇంట్లో ఈశ్వరమ్మ ఉంటుంది, శివ ఉంటాడు. అన్నీ తెలుసు. తెలిసి, భర్త వైపు చూడకుండా, ఆ పిల్ల కండ్లలోకి చూసింది.

"ఫోనుకేం కాలేదు పాపా. నువ్వు ఎప్పుడు ఫోను పట్టుకుంటావో, నెట్లో యాడికి పోతావో మీ మామ అంగట్లో కూర్చోని చూస్తాడంట. అది పెట్టేదానికి నన్ను పిలిపించినాడు."

"హేమా!" రాజశేఖర్ లేచి నిలబడ్డాడు.

గాయత్రి చాపిన చెయ్యి గాల్లోనే ఆగింది.

"ఈ పని మగోళ్లతో కాదు," అంది హేమలత. "నువ్వు నీ చేత్తో నాకిస్తేనే అవుతాది. ఇస్తావా?"